ఒక పడవ, రెండు గట్ల తీర్పులు

అరపడవ, పద్దెనిమిది రూపాయలు. లోవయ్య దగ్గర మొదట్లో ఉన్నది అంతేనంట. అరపడవేంటని నవ్వకండి, పడవని నిలువునా కోసి పంచేరని కాదు. తాత చేయించిన రేవుపడవ ఒక్కటి, దానికి మనవలు ఇద్దరు. పెద్దకొడుకు కొడుకు సింగన్న పడమటి గట్టున ఉంటాడు, చిన్నకొడుకు కొడుకు లోవయ్య తూరుపు గట్టున ఉంటాడు, మధ్యన ఏరు. నెలలో వెన్నెల పక్షం పదిహేను రోజులూ పడవ సింగన్నది, చీకటి పక్షం పదిహేను రోజులూ లోవయ్యది. ఎవరి పక్షంలో రేవుకూలి వాళ్ళింటికి. పైకి చూస్తే సరిసమానమే అనుకో. కానీ పెళ్ళిళ్ళు ఎప్పుడు పెట్టుకుంటారు? తీర్థాలు ఎప్పుడు జరుగుతాయి? అన్నీ వెన్నెల్లోనే కదా. పొద్దుగూకినా జనం పాటలు పాడుకుంటూ దాటుతారు. చీకటి పక్షంలో ఎవరు దాటుతారమ్మా? పాము కరిచినోడు దాటుతాడు, మంత్రసాని దాటుతుంది. వాళ్ళని కూలి అడగడానికి నోరొస్తుందా?

మునుపు అలా ఉండేది కాదంట. ఏడాది ఏడాదికి పక్షాలు మార్చుకునేవారంట. మరి ఏమైందంటే, లోవయ్య ఆరేళ్ళ పిల్లాడప్పుడు పెద్ద వరదొచ్చింది. కట్టుతాడు తెగి పడవ కొట్టుకుపోతోంది. గట్టుమీద అందరూ అయ్యో అయ్యో అంటున్నారు గానీ ఒక్కడూ దిగలేదు. సింగన్నకప్పుడు పద్దెనిమిదేళ్ళు. పంచె ఎగ్గట్టి దూకేసేడు. రెండు కోసుల దూరం పడవ వెంట పడి, అలా తేలుకుంటూ మునుగుకుంటూ, చివరికి ఒక తుమ్మచెట్టుకి కట్టేసి వచ్చేడంట. లోవయ్య నాన్న ఆ సంబరంలో సింగన్నని వాటేసుకుని, వెన్నెల పక్షం ఇంక నువ్వే ఉంచుకోరా సింగా, అన్నాడు. ఉంచుకో అన్నాడు గానీ ఎన్నేళ్ళో చెప్పలేదు. చెప్పకుండానే ఆయన పోయేడు.

లోవయ్య పెరిగేడు. మంచి చురుకైనవాడు, లెక్కలంటే ప్రాణం. పడవలో ఎంతమంది ఎక్కేరో చూడకుండానే, పడవ ఎంత దిగిందో చూసి చెప్పేసేవాడంట. రెండేళ్ళు వెన్నెల పక్షం చేతికొస్తే సొంతంగా ఇంకో పడవ చేయించొచ్చని ఇసకలో పుల్లతో లెక్కేసుకుని, ఒకరోజు సింగన్న దగ్గరికి వెళ్ళేడు. అన్నయ్యా, నువ్వు ఈదింది నిజమే, కాదనను. దానికి పదహారేళ్ళు అనుభవించేవు. పదహారు పన్నెండ్లు నూట తొంభై రెండు పక్షాలు, పక్షానికి పదిహేను. ఒక్కపూట ఈదినందుకు రెండువేల ఎనిమిదొందల ఎనభై వెన్నెల రోజులు. ఇంక చాల్లేదా? అన్నాడంట. సింగన్న చేపలబుట్ట అల్లుకుంటూ తల కూడా ఎత్తలేదు. ఈదింది నేను, లెక్క నీదా? ఆ రోజు నువ్వు గట్టుమీద నిలబడి ముక్కు చీదుకుంటున్నావు రా. మీ అయ్య ఉంచుకోమన్నాడు, ఉంచుకున్నాను. ఎన్నేళ్ళని ఆయన్నే అడుగు పో, అన్నాడు. చచ్చిపోయిన మనిషిని ఎలా అడుగుతాడు? లోవయ్యకి అరికాలి మంట నెత్తికెక్కింది. అడగవలసిన చోట అడుగుతాలే, అని లేచి వచ్చేసేడు.

ఇప్పుడు సంగతేంటంటే, ఆ రోజుల్లో తూరుపు గట్టు ఒక దొరది, పడమటి గట్టు ఇంకో దొరది. దొర తరఫున తగువులు తీర్చడానికి ఈ గట్టున పేష్కారు కచేరీ చేస్తాడు, ఆ గట్టున దివాను కచేరీ చేస్తాడు. ఈయన మాట ఆ గట్టున చెల్లదు, ఆయన మాట ఈ గట్టున చెల్లదు. లోవయ్య ముందుగా తన గట్టున పేష్కారు దగ్గరికే వెళ్ళేడు. ఈ తగువు ఇంకెక్కడన్నా వేశావా? అని అడిగేడు పేష్కారు. లేదు బాబూ, అన్నాడు లోవయ్య. అప్పటికి అది నిజమే. కాగితం రాయించుకున్నారు, బహుళ త్రయోదశి నాడు రమ్మన్నారు.

అక్కడితో ఇంటికొచ్చి గంజి తాగి పడుకుంటే ఈ కథే లేదు. పడుకోలేదు. పేష్కారు నా మాట వింటాడా, వినడా? ఓడిపోతే? జీవితమంతా మంత్రసానుల్ని దాటించుకుంటూ బతకాలా? అటు తిరిగేడు, ఇటు తిరిగేడు. నాలుగు రోజులు కూడు సయించలేదు. అయిదో రోజు పొద్దున్నే లేచి, నూకాలూ, నాకో ఉపాయం తట్టింది, అన్నాడంట పెళ్ళాంతో. ఒక్క కచేరీలో వేస్తే రూపాయిలో ఎనిమిదణాలు గెలుపు, ఎనిమిదణాలు ఓటమి. అదే తగువు దివాను దగ్గర కూడా వేసేమనుకో, రెండు చోట్లా ఓడిపోవాలంటే సగంలో సగం, నాలుగణాలే. మిగిలిన పన్నెండణాలూ గెలుపే!

మీరు నవ్వుతున్నారు గానీ లెక్క తప్పు కాదు. నేనూ వేసి చూసేను. కానీ ఆ పన్నెండణాల్లో ఏమేం ఉన్నాయో ఆయన విప్పి చూసుకోలేదు. రెండు చోట్లా గెలిచేది నాలుగణాలే. ఒకచోట గెలిచి ఇంకోచోట ఓడిపోయేది ఎనిమిదణాలు. దాన్ని కూడా తీసుకెళ్ళి గెలుపు మూటలోనే కట్టేసేడు.

నూకాలుకి ఈ అణాల గొడవ అర్థం కాలేదు గానీ, మనిషి గట్టిది. ఒక్క కుండని రెండు పొయ్యిల మీద ఎలా పెడతావు మావా? అంది. ఏ పొయ్యి ముందు రాజుకుంటే దానిమీదే ఉడుకుద్దే, అన్నాడు. రెండూ రాజుకుంటే? అంది. లోవయ్య తెడ్డు భుజాన వేసుకుని వెళ్ళిపోయేడు. ఉన్న పద్దెనిమిది రూపాయల్ని రెండు చేసేడు. తొమ్మిది ఈ గట్టు కచేరీ ఖర్చుకి, తొమ్మిది ఆ గట్టు కచేరీ ఖర్చుకి. శేషం కూడా మిగల్లేదు చూసేవా, మంచి శకునం, అనుకున్నాడంట.

పడమటి గట్టున దివాను అంత తేలికైన మనిషి కాదు. మీసాలు తెల్లబడ్డాయి గానీ చూపు తెల్లబడలేదు. కాగితం చదివించుకుని, ఒరేయ్ పడవబ్బాయ్, ఈ తగువు ఇంకే కచేరీలోనూ లేదని ఏటినీళ్ళు దోసిట్లో పట్టుకుని ఒట్టెయ్యి. రేపు అబద్ధమని తేలిందో, పడవ మా దొరగారి పరం, నువ్వు ఖైదు కొట్లో, అన్నాడు. కానీ పడవోళ్ళలో ఒక నమ్మకం ఉండేదంట. ఒక గట్టున వేసిన ఒట్టు ఆ గట్టుదే, ఏరు దాటితే నీళ్ళల్లో కలిసిపోద్దని. చిన్నపిల్లలు కూడా అలాగే చేసేవారంట, ఈ గట్టున ఒట్టేసి ఆ గట్టున మాట తప్పేవారు. లోవయ్య అదే తలుచుకున్నాడు. ఒట్టు ఈ గట్టునే ఉండిపోద్ది, తగువు కూడా ఏ గట్టుది ఆ గట్టునే ఉండిపోద్ది, నాకేం, అనుకుని దోసిలి పట్టేడు. వేళ్ళ సందుల్లోంచి నీళ్ళన్నీ కారిపోయేయి. మళ్ళీ పట్టు, అన్నాడు దివాను. మళ్ళీ పట్టి ఒట్టేసేడు. సరే, బహుళ త్రయోదశి నాడు మధ్యాన్నం రా, అన్నాడు దివాను.

విన్నారా? అదే రోజు! పొద్దున్న తూరుపు గట్టున, మధ్యాన్నం పడమటి గట్టున. మార్చమని అడగడానికి లేదు, అడిగితే ఎందుకని అడుగుతారు.

ఇంక ఆ ఎనిమిది రోజులూ లోవయ్య మనిషి మనిషిలా లేడు. పడవెక్కిన ప్రతివాడి ముఖంలోకీ చూసేవాడంట, వీడికి తెలిసిపోయిందా అని. ఇద్దరు ఆడవాళ్ళు గుసగుసలాడుకుంటే, నా గురించేనా, అని తెడ్డు ఆపేసేవాడు. వాళ్ళు పాపం వంకాయల బేరం మాట్లాడుకుంటున్నారు. దీనికి తోడు తూరుపు కచేరీ జవాను సింగన్నని కచేరీకి రమ్మనే తాకీదు పట్టుకొచ్చేడు. అవతలి గట్టు మాది కాదు, నేను దాటకూడదు, మనిషి లేకపోతే వాడి వస్తువుకి అంటించమన్నారు, ఈ పడవలో సగం వాడిదే కదా, అని చింతపిక్కల జిగురు రాసి పడవ ముక్కుకి అంటించి వెళ్ళిపోయేడు. లోవయ్య దాన్ని చింపలేదు. అది మాత్రం నిజం. చెయ్యి కూడా వెయ్యలేదు. పడవ తోసేడు, నడి ఏట్లో అల తగిలింది, కాగితం తడిసింది, ఒక అంచు లేచింది, ఇంకో అలకి ఊడి నీళ్ళమీద పడింది. అలా చూస్తూ కూర్చున్నాడు. తెడ్డు చాపితే అందేదే. చాపలేదు. అదిగో, ఈ కథలో అసలు తప్పు అదేనంటాను నేను. ఎందుకంటే తూరుపు గట్టున తన మీద ఒక తగువు ఉందన్న సంగతి సింగన్నకి తెలియకుండానే పోయింది.

త్రయోదశి వచ్చింది. పొద్దున్నే పేష్కారు ముందు నిలబడ్డాడు లోవయ్య. సింగన్నా, సింగన్నా, సింగన్నా, అని జవాను మూడుసార్లు కేకేసేడు. ఎవరొస్తారు? పిలిచినా రాలేదు కాబట్టి వాడి దగ్గర జవాబు లేదన్నమాట, వెన్నెల పక్షం ఇంకనించి లోవయ్యది, చీకటి పక్షం సింగన్నది, వేరొకడు తెడ్డు పడితే పట్టి కట్టెయ్యండి, అని తీర్పు చెప్పి కాగితం చేతిలో పెట్టేడు పేష్కారు. ఎంతసేపు పట్టిందనుకున్నారు? తమలపాకులు నమిలేంత సేపు.

గెలిచేడు కదా, ఎగిరి గంతెయ్యాలి కదా. రేవు దాకా గంతేసుకుంటూనే వచ్చేడంట. పడవలో కాలు పెట్టేసరికి గుర్తొచ్చింది. అవతల మధ్యాన్నం ఇంకోటి ఉంది. ఇప్పుడేం చెయ్యాలి? నేను గెలిచేసేను, నీ తీర్పు అక్కర్లేదు అంటే, మరి మొన్న వేసిన ఒట్టేంటంటాడు. వెళ్ళకుండా ఊరుకుంటే, పొద్దున్న సింగన్నకి ఏమైందో మధ్యాన్నం తనకీ అదే అవుద్ది. వెళ్తే గెలవొచ్చు, ఓడొచ్చు. నూకాలు రేవులోకి పరిగెత్తుకొచ్చి, మావా, ఉన్నది ఉన్నట్టు చెప్పేసి దివాను కాళ్ళమీద పడిపో, అంది. పడవ పోద్దే, అన్నాడు. పోతే పోయింది, నీ ముఖం చూడు ఎలా ఉందో, అంది. కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి మొలలో దోపుకుని పడవ తోసేడు.

పడమటి కచేరీలో సింగన్న తలకి నూనె రాసుకుని, ఉతికిన పంచె కట్టుకుని కూర్చున్నాడు. పక్కన ఒక ముసలి వడ్రంగి. ఆ పడవ చేసినవాడే. దివాను అడిగితే ఆ ముసలాయన లేచి, బాబూ, వరదనాడు నేను గట్టుమీదే ఉన్నాను. చిన్నాయన, అదే ఈ లోవయ్య అయ్య, సింగన్నని వాటేసుకుని, వెన్నెల పక్షం ఇంక నువ్వే ఉంచుకో అన్నాడు. ఈ చెవుల్తో విన్నాను. ఎన్నేళ్ళని అనలేదు, అన్నాడు. అనలేదు కాబట్టే కదా బాబూ, ఒక హద్దుండాలి, పదహారు పన్నెండ్లు... అని లోవయ్య మొదలెట్టేడు. దివాను చెయ్యెత్తేడు. హద్దు పెట్టవలసినవాడు పెట్టలేదు, పెట్టడానికి నువ్వెవడివి, నేనెవణ్ణి? వెన్నెల పక్షం సింగన్నదే. ఆ పక్షంలో నీ చెయ్యి తెడ్డు మీద కనబడకూడదు, అన్నాడు. అలా అంటుంటే లోవయ్యకి మొలలో కాగితం గుచ్చుకుంటోందంట. నేను గెలిచేను అని అరవాలనుంది. అరిస్తే కొట్లో పడతాడు. గెలిచినవాడు నోరు మూసుకుని ఓడిపోయేడన్నమాట! ఇలాంటిది ఎక్కడన్నా విన్నారా?

అమావాస్య వెళ్ళింది. పాడ్యమి పొద్దున్నే తూరుపు గట్టున డప్పు. వెన్నెల పక్షం లోవయ్యదహో! ఏరు నిశ్శబ్దంగా ఉంటే ఆ చప్పుడు, మాటలు తెలియకపోయినా, అవతలికి వినబడదూ? వినబడింది. అది ఆగిందో లేదో పడమటి గట్టున డప్పు. వెన్నెల పక్షం సింగన్నదహో! పడవలో అప్పటికే పదకొండు మంది ఎక్కి కూర్చున్నారు, రెండు మేకలు కూడా. ఏంటయ్యా ఇది, ఇటూ డప్పు, అటూ డప్పు, అన్నాడొక మేకలాయన. లోవయ్య పడవ తోసేడు. తోసేడే గానీ అవతలి రేవులో చూస్తే ఇద్దరు జవాన్లు తాళ్ళు పట్టుకుని నిలబడి ఉన్నారు. ముందుకెళ్తే కట్టేస్తారు. వెనక్కెళ్తే, మేం దాటాలి మొర్రో అని వీళ్ళు చంపేస్తారు. నడి ఏట్లో ఒక ఇసకతిన్నె ఉండేది, మంచం పక్కన మంచం వేస్తే అయిదారు మంచాలు పట్టేంత. పడవని దానికి ఆనించి, దిగండి, దిగండి, అన్నాడు. ఎక్కడ దిగేది నీ బొంద, ఇదేమన్నా ఊరా? అని మేకలాయన తిట్టడం మొదలెట్టేడు.

అంతలో చిన్న దోనె వేసుకుని సింగన్న వచ్చేడు. తిన్నె మీద దిగి, ఒరేయ్ లోవా, ఆ గట్టున డప్పేంట్రా? అన్నాడు. లోవయ్య మొలలోంచి కాగితం తీసి చేతికిచ్చేడు. చదవడం రాదు, చెప్పు, అన్నాడు సింగన్న. చెప్పేడు. పేష్కారు సంగతి, దివాను ముందు వేసిన ఒట్టు సంగతి, అంటించిన తాకీదు సంగతి, అది నీళ్ళల్లో పడితే చూస్తూ ఊరుకున్న సంగతి కూడా. ఎందుకు చెప్పేడో, చెప్పేసేడు. సింగన్న ఆ కాగితాన్ని తిరగేసి చూసి వెనక్కిచ్చేసేడు. తరవాత, ఒకే పిల్లని ఇద్దరికి ఇచ్చి పెళ్ళి చేసేవన్నమాట. ఇప్పుడు ఇద్దరు మొగుళ్ళూ గుమ్మంలో కూర్చున్నారు, అన్నాడంట. నువ్వెళ్ళి మీ దివానుతో చెప్పేస్తావా అన్నయ్యా? అన్నాడు లోవయ్య భయంభయంగా. చెప్తే పడవ పట్టుకుపోతారంట కదరా. నీ సగం పట్టుకుపోయి నా సగం ఇక్కడ వదిలేస్తారా? నోరు మూసుకుని దిగు, అని తెడ్డు లాక్కుని పడవెక్కేడు సింగన్న.

ఇంక అదే పద్ధతైపోయింది. తూరుపు గట్టునించి తిన్నె దాకా లోవయ్య, తిన్నె నించి పడమటి గట్టు దాకా సింగన్న. ఒకడు దిగుతాడు, ఒకడు ఎక్కుతాడు, దిగినవాడు తిన్నె మీద ఎండలో కూర్చుంటాడు. మునుపు నెలలో ఒక పక్షం పని, ఒక పక్షం ఇంటిపట్టున ఉండడం. ఇప్పుడు ఇద్దరికీ ముప్ఫై రోజులూ పనే, కూలిలో చెరి సగం. చీకటి పక్షం వస్తే తప్పుద్దా అంటే అదీ లేదు, అప్పుడు ఈ గట్టున సింగన్నది, ఆ గట్టున లోవయ్యది. తిరగేసినా బోర్లించినా ఒక్కడు ఏరు దాటడానికి లేదు. తెడ్డు చేతులు మారేటప్పుడు కూడా ఒకడి ముఖం ఒకడు చూసుకునేవారు కాదంట. ఎవడన్నా ఎందుకయ్యా మారుతున్నారంటే, నడుం నొప్పి, అనేవారు. ఇద్దరికీ రోజూ నడుం నొప్పేనా అని జనం నవ్వుకునేవారు. లోవయ్య ఆ నవ్వు వింటే తెడ్డు గబగబా వేసేవాడు. ఈ గట్టునించి ఆ గట్టుకి ఒక్క మాట దాటితే చాలు, అంతా అయిపోద్ది. ఆ మాటల్ని దాటించేదెవరు? రోజూ పడవలో వాళ్ళని ఎక్కించుకుని తనే దాటిస్తున్నాడు!

ఇలా ఉండగా ఏమైందంటే, ఆ రెండు గట్ల దొరలూ వియ్యం అందుకోవాలనుకున్నారు. వీళ్ళ పిల్లని వాళ్ళ పిల్లాడికి చేసుకోవాలని. మంచి మాట మాట్లాడడానికి శుద్ధ దశమి నాడు పడమటి గట్టు దివాను స్వయంగా తూరుపు గట్టుకి వస్తాడు, పేష్కారు రేవులో ఎదురొచ్చి గొడుగు పట్టి తీసుకెళ్తాడు, ఇద్దరూ పక్కపక్కన కూర్చుని భోంచేస్తారు అని కబురొచ్చింది. శుద్ధ దశమంటే వెన్నెల పక్షమే కదా. లోవయ్య ఆ కబురు విని చేతిలో ముద్ద పళ్ళెంలోనే వదిలేసేడంట. నూకాలు మాత్రం, మొన్న నేను చెప్పినప్పుడు వింటే ఇద్దరికి చెప్పవలసింది ఒక్కడికి చెప్పేవాడివి, అంది. అదే తిట్టుంటే బాగుండును అనుకున్నాడంట.

దీనికి తోడు పై దేశంలో వానలు పడ్డాయి. దశమి పొద్దుటికి ఏరు ఎర్రగా పొంగింది. ఇసకతిన్నె కనబడదు. మారడానికి చోటు లేదు. లోవయ్య తనూ ఒక దోనె వేసుకుని నడి ఏటికి వెళ్ళి, ఒక మునిగిన తాటిదుంగని పట్టుకుని కూర్చున్నాడు. అదిగో పడవ వస్తోంది. సింగన్న తెడ్డు వేస్తున్నాడు. మధ్యలో తివాసీ మీద దివాను, చుట్టూ పళ్ళబుట్టలు, పట్టుబట్టల పెట్టె, ఇద్దరు నౌకర్లు. పడవ దగ్గరకొచ్చేసరికి లోవయ్య దోనె తాడు వెనకాల కట్టి, గుట్టుచప్పుడు కాకుండా పడవ వెనక కొసన అమరం మీద ఎక్కేడు. సింగన్న తెడ్డు అందించేడు. లోవయ్య అందుకున్నాడు. రెండు తోపులు తోసేడో లేదో, దివాను తల తిప్పేడు.

ఎవడ్రా నువ్వు? అన్నాడు. ఈ ముఖం నేను చూశానే. నువ్వు ఓడిపోయినవాడివి కదూ? అన్నాడు. సింగన్నే అందుకుని, నాకు నడుం పట్టేసింది బాబూ, పొంగు ఎక్కువగా ఉందని సాయం పిలిచేను, అన్నాడు. సాయానికి ఇంకొకణ్ణి పిలుచుకో. ఇది వెన్నెల పక్షం. వీడి చెయ్యి తెడ్డు మీద కనబడకూడదని చెప్పేనా, లేదా? నా తీర్పు నా కళ్ళముందే మీరుతారా? తెడ్డు వాడికిచ్చెయ్. సింగన్నా, నువ్వే నడుపు, అన్నాడు. ఇచ్చేసేడు లోవయ్య. ఇవ్వక ఏం చేస్తాడు?

ఇప్పుడు చూడండి ఏమవుతోందో. తెడ్డు సింగన్న చేతిలో ఉంది. ముందు తూరుపు రేవు. రేవులో డప్పులు, సన్నాయి, మామిడాకుల తోరణం. గొడుగు పట్టించుకుని పేష్కారు. పేష్కారు పక్కనే ఆ జవాను, మూడుసార్లు సింగన్నా అని పిలిచినవాడు. వెన్నెల పక్షంలో లోవయ్య కాక వేరొకడు తెడ్డు పట్టి ఈ రేవుకొస్తే కట్టెయ్యమని వాడికి హుకుం. పీకలదాకా తాకీదులున్నవాడికి పెళ్ళి మేళమూ లేదు, వియ్యమూ లేదు. కట్టేస్తాడు. ఎవణ్ణి కట్టేస్తాడు? లోవయ్యని కాదు. సింగన్నని.

నూటయాభై బారల దూరంలో ఉంది గట్టు. లోవయ్య అమరంలో కూర్చుని చూస్తున్నాడు. నూట ఇరవై. సింగన్న ఒంటిమీద చెమట ధారలు కడుతోంది. ఆగడానికి లేదు, ఆగితే పొంగు పడవని తిప్పేస్తుంది. వెనక్కి తిప్పడానికి లేదు, దివాను కూర్చున్నాడు. వంద బారలు. సింగన్న తల తిప్పకుండానే, దివానుకి వినబడకుండా, లోవా, వీళ్ళు నన్ను పట్టుకుంటారు రా, అన్నాడు. తిట్టలేదు. నీ వల్లేరా అని కూడా అనలేదు. ఎనభై. లోవయ్య లెక్కేసుకున్నాడు. నేను నోరు మూసుకుంటే సింగన్న కొట్లోకి పోతాడు, ఈ గట్టున దివాను మాట చెల్లదు కాబట్టి నా తీర్పు నాకు మిగులుద్ది, వెన్నెల పక్షం నాది, రెండేళ్ళల్లో ఇంకో పడవ. నోరు తెరిస్తే పడవా పోద్ది, నేనూ పోతాను. ఎన్నిసార్లు వేసినా లెక్క ఒకటే చెప్తోంది, నోరు మూసుకో అని. అరవై బారలు. గట్టుమీద జవాను కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకుని చూస్తున్నాడు, తెడ్డు ఎవరి చేతిలో ఉందా అని. నలభై.

ఇరవై బారలు ఉందనగా ఏరు మొలలోతుకి తగ్గింది. లోవయ్య లేచి నిలబడ్డాడు. పడవ ఒరిగింది. కూర్చోరా వెధవా, పళ్ళబుట్టలు పడిపోతాయి, అన్నాడు నౌకరు. లోవయ్య మొలలోంచి ఆ నాలుగు మడతల కాగితం తీసి, తడవకుండా నెత్తిమీద తలపాగాలో దోపుకున్నాడంట. ఎందుకంటే ఆ కాగితం పేష్కారుకీ దివానుకీ చూపించాలి, దాన్ని ఎలా సంపాదించేడో ఇద్దరి ముందూ చెప్పాలి. అదీ సింగన్న గట్టు ఎక్కకముందే చెప్పాలి. ఎక్కి కట్టించుకున్నాక చెప్తే చెప్పినట్టు కాదు. అన్నయ్యా, కాసేపు నెమ్మదిగా వెయ్యి, నేను ముందెళ్తాను, అన్నాడు. ఎక్కడికిరా? అన్నాడు సింగన్న. దివాను తల తిప్పేడు. పేష్కారు నవ్వుతూ రెండు చేతులూ జోడించేడు. లోవయ్య ఒక కాలు పడవ అంచు మీద పెట్టేడు, ఒక కాలు నీళ్ళమీదికి చాపేడు.

అంతే. ఇంక నన్నడక్కండి. తరవాత ఏం జరిగిందో తూరుపు గట్టోళ్ళు ఒకలాగ చెబుతారు, పడమటి గట్టోళ్ళు ఇంకోలాగ చెబుతారు. ఇటువాళ్ళేమో లోవయ్యని నూరు కొరడా దెబ్బలు కొట్టేరంటారు. అటువాళ్ళేమో సింగన్న అడ్డుపడి, ఇది మా ఇంటి గొడవ, మీ విందు చల్లారిపోతోంది, అన్నాడంటారు. ఎవరిది నిజమో తేల్చమని మీరు నన్ను రెండు గట్లకీ తిప్పేరనుకో, నేనూ లోవయ్యనే అవుతాను. నాకెందుకొచ్చిన గొడవ? ఆ మనిషి కాలు నీళ్ళమీద ఉందిగా, నాకది చాలు. లెగండి, పొద్దెక్కింది, ఎవరి పనికి వాళ్ళు వెళ్ళండి.